సరిహద్దులోనూ ఓ సంసారమే

మా ఎదురింటి అక్క సాయంత్రం పూట ఫోను ఒళ్ళో పెట్టుకుని అరుగు మీద కూర్చుందంటే వీధిలో ఎవరూ ఆమెను పలకరించరు. అది కొడుకు ఫోను చేసే వేళ అని మా అందరికీ తెలుసు. ధర్మవరంలో చాలా ఇళ్ళలాగే వాళ్ళదీ మగ్గం ఇల్లు. పెద్దవాడు మగ్గం గుంతలో దిగాడు. చిన్నవాడు మాత్రం తూకం, ఛాతీ కొలత, పరుగు అన్నీ దాటుకుని సైన్యంలో సిపాయి అయ్యాడు. వాడు ఏ కొండ మీద ఉన్నాడో ఆమెకు తెలియదు. ఏదైనా పంపాలంటే వాడి నంబరు, పేరు, యూనిట్ రాసి, కింద 'కేరాఫ్ 56 ఏపీఓ' అని రాస్తుంది. అంతే. ఊరి పేరు లేని చిరునామా అది.

ఒక శీతాకాలంలో వరసగా ఆరు రోజులు ఫోను రాలేదు. ఏడో రోజు మోగింది. నేను అప్పుడు అక్కడే ఉన్నాను. ఆమె అడిగిన మొదటి మాట, మనలో ఏ తల్లయినా అడిగే మాటే.

"ఏం తిన్న్యావు నాయనా?"

"రొట్టె, పప్పుమా."

"అన్నం తిన్లేదా?"

"ఉడకల్యా మా. కుక్కర్ పాడయింది."

ఫోను పెట్టేశాక ఆమె నా వైపు తిరిగింది. "అన్నం ఉడక్కపోవడమేందమ్మా? పొయ్యి లేదా, నీళ్ళు లేవా? అంతమంది మగోళ్ళకి ఎసరు పెట్టేది గూడా తెలీదా?" అని ఒకటే బాధ.

ఎప్పుడో డిగ్రీలో చదువుకున్న చదువు ఆ రోజు పనికొచ్చింది. కొండ ఎక్కేకొద్దీ గాలి పలచబడుతుంది. గాలి పలచబడితే నీళ్ళు తక్కువ వేడికే మరిగిపోతాయి. మన దగ్గర నూరు డిగ్రీల దగ్గర మరిగే నీళ్ళు, పది వేల అడుగుల ఎత్తున దాదాపు 90 డిగ్రీలకే మరుగుతాయి. పద్దెనిమిది వేల అడుగుల మీద 82 దగ్గరే. ఎసరు కుతకుతలాడుతూనే ఉంటుంది, బియ్యం గింజ మాత్రం లోపల పలుకుగానే ఉంటుంది. ప్రెషర్ కుక్కర్ లేకపోతే అక్కడ పప్పు కూడా మెత్తబడదు. ఇదంతా చెప్తే ఆమె కాసేపు మాట్లాడలేదు. తర్వాత నెమ్మదిగా అంది. "అయితే వానికి కుక్కరు రబ్బరు గూడా పంపల్ల మనం."

నవ్వొచ్చింది. ఆ వెంటనే సిగ్గేసింది. ఎందుకంటే సైనికుడు అనగానే నాకు గుర్తొచ్చేవి రెండే రెండు బొమ్మలు. ఒకటి, జనవరి 26న ఢిల్లీలో కవాతు. రెండోది, జెండా కప్పిన పెట్టె. ఈ రెండింటికీ మధ్య అతను బతికే మూడు వందల అరవై ఐదు రోజులు ఎలా ఉంటాయో నేనెప్పుడూ ఆలోచించలేదు. మీరు ఆలోచించారా?

ఆ రెండో బొమ్మను మన జిల్లా చాలా దగ్గరగా చూసింది. పెనుకొండ నియోజకవర్గం, గోరంట్ల మండలం, కల్లి తండా. ఆ తండా బిడ్డ మురళీ నాయక్. తల్లిదండ్రులు పొట్ట చేతబట్టుకుని ముంబై వెళ్ళి కూలి పనులు చేసినవాళ్ళు. ఒక్కగానొక్క కొడుకు. 2022లో అగ్నివీరుడిగా సైన్యంలో చేరాడు. పహల్గాంలో 2025 ఏప్రిల్ 22న 26 మందిని ఉగ్రవాదులు కాల్చి చంపడం, మే 7న మన సైన్యం ఆపరేషన్ సిందూర్ మొదలుపెట్టడం మీకందరికీ గుర్తుండే ఉంటుంది. ఆ రోజుల్లో జమ్ముకశ్మీర్‌లో నియంత్రణ రేఖ పొడుగునా కాల్పులు, ఫిరంగి గుండ్లు. మే 8, 9 తేదీల మధ్య రాత్రి ఆ కాల్పుల్లో మురళీ నాయక్ ప్రాణం పోయింది. మే 10 సాయంత్రం కాల్పుల విరమణ వచ్చింది. రెండు రోజులు కూడా తేడా లేదు.

మే 11న తండాలో అంత్యక్రియలు జరిగాయి. మంత్రులు వచ్చారు, చుట్టుపక్కల ఊళ్ళన్నీ కదిలొచ్చాయి. ఆ రోజు ఆదివారం. క్యాలెండర్‌లో 'మాతృదినోత్సవం' అని ఉంది. ఆ ఉదయం మనలో ఎంతమందికి పిల్లలు పువ్వుల బొమ్మలు పంపారో, ఆ ఉదయమే ఒక తల్లి కొడుకును మట్టిలో కలిపింది.

ఆ తల్లిని టీవీలో చూసి మనమంతా ఏడ్చాం. ఆ ఏడుపు అబద్ధం కాదు. కానీ ఒక్క ప్రశ్న వేసుకోవాలి. ఆ పిల్లవాడు బతికున్నప్పుడు, అక్కడ ఎలా ఉన్నాడని ఆ తల్లిని మనం ఎవరమైనా అడిగామా? ఆ తల్లినే కాదు. మన వీధిలో, మన చుట్టాల్లో, మన పాలుపోసే ఆమె ఇంట్లో సైన్యానికి వెళ్ళిన పిల్లవాడు ఉంటే, ఆ ఇల్లాలిని అడిగామా?

అడిగితే ఏం చెప్తారో మా ఎదురింటి కుర్రాడు సెలవులో వచ్చినప్పుడు తెలిసింది. వాడు యుద్ధం గురించి ఒక్క మాట చెప్పలేదు, మేమూ అడగలేదు. రోజు ఎలా గడుస్తుందో మాత్రం చెప్పాడు. వింటుంటే నాకు ఆశ్చర్యం. అది సంసారమే! మనం ఇంట్లో చేసే చాకిరీ అంతా అక్కడ మగపిల్లలు చేస్తున్నారు, చేతికి అందేంత దూరంలో తుపాకీ పెట్టుకుని.

తెల్లవారకముందే అందరూ లేచి, ఆయుధాలు పట్టుకుని ఎవరి స్థానంలో వాళ్ళు నిలబడాలి. దీన్ని 'స్టాండ్ టూ' అంటారట. బ్రిటిష్ వాళ్ళ కాలం నుంచీ ఉన్న అలవాటు. చీకటి విడిపోయే వేళ, మళ్ళీ పొద్దుగూకే వేళ శత్రువు మీదపడే అవకాశం ఎక్కువ కాబట్టి ఆ రెండు పూటలూ అలా నిలబడతారు. మనం వాకిలి ఊడ్చి ముగ్గేసే వేళ, సంధ్య దీపం పెట్టే వేళ, సరిగ్గా అవే. అది అయ్యాక టీ. తుపాకీ శుభ్రం చేసుకోవడం. పూరీ, ఆలూకూర. తర్వాత కొందరు గస్తీకి, కొందరు నీళ్ళకు, కొందరు వంటకు. బంకర్ గోడ జారితే ఇసుక సంచులు పేర్చాలి. దాదాపు 740 కిలోమీటర్ల నియంత్రణ రేఖలో చాలా భాగానికి 2004 నాటికి కంచె వేశారు. కానీ ఏటా మంచు పడి ఆ కంచె చాలాచోట్ల విరిగిపోతుంది, మంచు కరిగాక మళ్ళీ కట్టుకోవాలి. మన పల్లెల్లో వాన వెలిశాక మట్టిగోడ మెత్తుకున్నట్టు.

రాత్రిళ్ళు వంతులవారీగా కాపలా. రెండేసి గంటలు నిలబడటం, పడుకోవడం, మళ్ళీ లేవడం. పసిబిడ్డ తల్లికి తెలుసు ఆ ముక్కలు ముక్కల నిద్ర ఎలా ఉంటుందో. చలికి బంకర్‌లో బుఖారీ వెలిగిస్తారు. అది పొగగొట్టం ఉన్న పొయ్యి. ఆ గొట్టం పూడిపోయి పొగ లోపలే నిలిచిందంటే నిద్రలోనే ప్రాణం పోతుంది. అందుకని దాని మీద ఎప్పుడూ ఒక కన్ను వేసి ఉంచాలి. మేజోళ్ళు తడిస్తే ఆరబెట్టుకోవాలి. తడి మేజోళ్ళతో ఉంటే కాలివేళ్ళు చచ్చుబడిపోతాయి. "మేజోళ్ళు ఆరినాయా లేదా అనేదే మాకు పెద్ద పని పిన్నీ" అన్నాడు వాడు.

మంచుకు దారులు మూసుకుపోయే చోట్ల ఆర్నెల్ల సరుకులు ఎండాకాలంలోనే ఎక్కించి దాచుకుంటారు. బియ్యం, పిండి, పప్పు, నూనె, కిరోసిన్, డబ్బాల్లో కూర. రోడ్డు లేని చోట కంచరగాడిదలు మోస్తాయి. మనం ఎండల్లో వడియాలు, అప్పడాలు పెట్టుకుని, చింతపండు గింజ తీసి ముద్దలు చేసి, ఊరగాయ జాడీకి గుడ్డ కట్టి ఏడాదికి సిద్ధం అవుతామే, అదే పని. కాకపోతే అక్కడ లెక్క తప్పితే పక్కింటికి వెళ్ళి గిన్నెడు అప్పు తెచ్చుకోవడానికి లేదు.

ఇంకో విషయం విన్నప్పుడు నాకు ఎక్కడో తగిలింది. సిపాయిల సామాన్లలో సూది, దారం, బొత్తాలు పెట్టుకునే చిన్న సంచీ ఒకటి ఉంటుంది. బ్రిటిష్ సైన్యంలో దానికి పెట్టిన పేరు 'హౌస్‌వైఫ్'. అంటే గృహిణి! ఇంటి దగ్గర ఆమె చేసిపెట్టే పని ఇక్కడ ఈ సంచీ చేసిపెడుతుందన్నమాట. వేళాకోళంగా పెట్టారో, బెంగతో పెట్టారో గానీ, తుపాకీలూ తూటాలూ మోసుకెళ్ళే మూటలో మన పేరూ ఉంది. మనం మాత్రం ఆ మూట విప్పి చూడలేదు.

ఎత్తు పెరిగేకొద్దీ ఈ సంసారం ఎంత కష్టమో తెలియాలంటే సియాచిన్ గురించి తెలుసుకోవాలి. 1984 ఏప్రిల్ నుంచి మన సైన్యం అక్కడ కాపలా ఉంది. కొన్ని పోస్టులు ఇరవై వేల అడుగులకు అటూ ఇటూ ఉంటాయి. చలి సున్నాకు నలభై డిగ్రీల కిందికి దిగుతుంది. తాగే నీళ్ళంటే మంచుగడ్డ కరిగించుకోవడమే. కోడిగుడ్డు, టమాటా రాయిలా గడ్డకడతాయి. తొడుగు లేని చేత్తో ఇనుము ముట్టుకుంటే చర్మం అంటుకుపోతుంది. ఆకలి చచ్చిపోతుంది, నిద్ర పట్టదు. నడిచేటప్పుడు ఒకరికొకరు తాడు కట్టుకుంటారు, ఎవరైనా మంచు పగుళ్ళలో పడితే మిగతావాళ్ళు లాగడానికి. అక్కడ పోయినవాళ్ళలో ఎక్కువమంది శత్రువు తూటాకు పోలేదు. చలికి, మంచు చరియలకు పోయారు.

2016 ఫిబ్రవరి 3న 19,600 అడుగుల ఎత్తున సోనమ్ పోస్టు మీద మంచుకొండ విరిగిపడింది. మద్రాస్ రెజిమెంట్ 19వ బెటాలియన్ వాళ్ళు పదిమంది కింద పడిపోయారు. నలుగురు తమిళనాడు, ముగ్గురు కర్ణాటక, కేరళ నుంచి ఒకరు, మహారాష్ట్ర నుంచి ఒకరు. పదో మనిషి మనవాడు. అప్పటి కర్నూలు జిల్లా పార్నపల్లె సిపాయి ముస్తాక్ అహ్మద్. ఆరు రోజుల తర్వాత లాన్స్ నాయక్ హనుమంతప్ప కొప్పద్ ఊపిరితో దొరికినప్పుడు దేశమంతా దేవుళ్ళకు మొక్కుకుంది. ఫిబ్రవరి 11న ఆయనా పోయాడు. ఇడ్లీ, సంగటి, రసం తిని పెరిగిన దక్షిణాది పిల్లలు వాళ్ళు. మంచు అంటే ఐస్‌బండిలో తప్ప చూడని ఊళ్ళ నుంచి వెళ్ళినవాళ్ళు.

ఇది మన దేశంలోనే కాదు. ఇరాక్‌లో కుర్దులు ఉన్నారు. వాళ్ళ సైనికుల్ని 'పెష్మర్గా' అంటారు, చావుకు ఎదురునిలిచేవాళ్ళు అని అర్థం. 2014 నుంచి ఐసిస్ ముష్కరులతో పోరాడినప్పుడు వాళ్ళు మట్టికట్టల వెనక, ఇసుక సంచుల గుడిసెల్లో నెలల తరబడి ఉన్నారు. టీ, అన్నం, చిక్కుడుగింజల కూర. కొన్నాళ్ళు ముందు వరసలో, కొన్నాళ్ళు ఇంట్లో. 2015, 16లలో అక్కడి ప్రభుత్వం దగ్గర డబ్బు లేక నెలల తరబడి జీతాలు ఆగిపోయాయి. సెలవులో ఇంటికి వచ్చిన సైనికులు టాక్సీలు నడిపి, కూలి చేసి, అంగడి అప్పు తీర్చి మళ్ళీ ముందు వరసకు వెళ్ళారు. పక్కనే సిరియాలోని కోబానీలో కుర్దు ఆడపిల్లలే తుపాకులు పట్టి ఆ ముష్కరుల్ని ఎదిరించారు. వాళ్ళ ధైర్యం గురించి ప్రపంచమంతా రాసింది. జీతం రాని నెలలో పెష్మర్గా భార్య పొయ్యి ఎలా వెలిగించిందో రాసినవాళ్ళు తక్కువ.

ఆ పొయ్యి దగ్గరికి వచ్చేసరికి మన మాట కూడా మాట్లాడుకోవాలి.

మురళీ నాయక్ అగ్నివీరుడు అని చెప్పాను కదా. అగ్నిపథ్ పథకాన్ని 2022 జూన్‌లో ప్రకటించారు. నాలుగేళ్ళ ఉద్యోగం. మొదటి ఏడు నెలకు ముప్ఫై వేలు, అందులో తొమ్మిది వేలు నిధికి పట్టుకుని ఇరవై ఒక్క వేలు చేతికిస్తారు. నాలుగో ఏడు నలభై వేలు. నాలుగేళ్ళయ్యాక వడ్డీతో కలిపి సుమారు పదకొండు లక్షల డెబ్భై వేలు ఇచ్చి పంపేస్తారు. నూటికి పాతికమంది వరకు మాత్రమే సైన్యంలో ఉంచుకుంటారని పథకం ప్రకటించినప్పుడు చెప్పారు. మామూలు సిపాయికి ఏడాదికి అరవై రోజుల సెలవు, దానిపైన ముప్ఫై రోజుల క్యాజువల్ సెలవు. అగ్నివీరుడికి ముప్ఫై రోజులే.

ప్రాణం పోతే? అగ్నివీరుడి ఇంటికి 48 లక్షల బీమా వస్తుంది. విధి నిర్వహణలో పోతే 44 లక్షల పరిహారం, నిధిలో డబ్బు, మిగిలిన సర్వీసు కాలానికి జీతం కూడా వస్తాయి. మురళీ నాయక్ ఇంటికి రాష్ట్ర ప్రభుత్వం 50 లక్షలు, ఐదెకరాల పొలం, ఇంటి స్థలం, తండ్రికి ఉద్యోగం ప్రకటించింది. ఇవి చిన్న మొత్తాలని నేననను. కానీ అదే రేఖ మీద అలాగే నేలకొరిగిన మామూలు సిపాయి ఇంటికి నెలనెలా వచ్చే కుటుంబ పింఛను అగ్నివీరుడి ఇంటికి రాదు.

ప్రభుత్వం వాదన ప్రభుత్వానికి ఉంది. సైన్యం వయసు తగ్గాలి, పింఛన్ల భారం తగ్గాలి, ఆ డబ్బుతో ఆయుధాలు కొనాలి అంటారు. నాలుగేళ్ళు చేసి క్షేమంగా ఇంటికి వచ్చినవాడి విషయంలో ఆ లెక్క సరైందో కాదో చదువుకున్నవాళ్ళు వాదించుకోనీండి. చనిపోయినవాడి విషయంలో మాత్రం నాకు ఆ లెక్క మింగుడుపడటం లేదు. తెల్లారి 'స్టాండ్ టూ'లో ఇద్దరూ పక్కపక్కనే నిలబడ్డారు. ఒకే కుక్కర్‌లో ఉడికీ ఉడకని అన్నం తిన్నారు. ఒకే బుఖారీ దగ్గర మేజోళ్ళు ఆరబెట్టుకున్నారు. వచ్చి పడిన గుండు, వీడు నాలుగేళ్ళవాడా, వాడు పదిహేనేళ్ళవాడా అని అడగలేదు. అలాంటప్పుడు వెనక మిగిలిన తల్లికి తేడా ఎందుకు?

మనం ఆడవాళ్ళం. ఒక్కసారే వచ్చే లక్షలకీ, నెలనెలా వచ్చే వేలకీ తేడా మనకు తెలిసినంతగా ఎవరికీ తెలియదు. పెద్ద మొత్తం ఇంట్లో పడితే అప్పులవాళ్ళు వస్తారు, చుట్టాలు వస్తారు, స్థలం అమ్మేవాడు వస్తాడు, వడ్డీకి తిప్పుతానని ఇంకొకడు వస్తాడు. చదువు రాని తల్లి, ఇరవై ఏళ్ళ కోడలు ఎంతమందికి కాదని చెప్పగలరు? ఆ డబ్బు మీదే అత్తాకోడళ్ళ మధ్య గొడవలు మొదలైన ఇళ్ళు లేవా? నెలనెలా పింఛను అట్లా కాదు. తక్కువైనా అది ఆమె పేరున వస్తుంది, ఆమె ఉన్నన్నాళ్ళూ వస్తుంది. ఇంట్లో ఆమె మాటకు విలువ తెస్తుంది. ముసలితనంలో మాత్రలకు ఎవరి ముందూ చేయి చాపే పని ఉండదు.

తొలిసారి అగ్నివీరులుగా చేరినవాళ్ళకు నాలుగేళ్ళు నిండేది 2026 చివరితో మొదలవుతుంది. మన పల్లెల నుంచి, తండాల నుంచి వెళ్ళిన పిల్లలూ అందులో ఉన్నారు. అందుకే ఈ మాట ఇప్పుడే అడగాలి. యుద్ధభూమిలో ప్రాణం ఇచ్చినవాడు ఎవరైనా సరే, వెనక ఉన్న తల్లికీ భార్యకూ ఒకే పింఛను ఇమ్మని. ఓటు అడగడానికి వచ్చినవాళ్ళని అడుగుదాం. మహిళా సంఘం సమావేశంలో అడుగుదాం. ఇది పార్టీల మాట కాదు, పొయ్యి మాట.

అడగడంతో పాటు చేయాల్సినవీ ఉన్నాయి. ఇంట్లో పిల్లవాడు సైన్యంలో ఉంటే వాడి సర్వీసు నంబరు, యూనిట్, రికార్డ్స్ ఆఫీసు చిరునామా ఒక పుస్తకంలో రాసి పెట్టుకోండి. నామినీగా ఎవరి పేరుందో అడిగి తెలుసుకోండి. పెళ్ళయ్యాక ఆ పేరు మార్పించే పని చాలామంది మరిచిపోతారు, తర్వాత తల్లీ కోడలూ కోర్టుల చుట్టూ తిరుగుతారు. బ్యాంకు ఖాతాలో, ఆధార్‌లో, సర్వీసు కాగితాల్లో ఇంటి పేరు ఒకేలా ఉందో లేదో చూసుకోండి. అనంతపురంలో జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం ఉంది. అది మాజీ సైనికులకే కాదు, సైనికుల కుటుంబాలకూ దారి చూపడానికే ఉంది. మంచి రోజుల్లోనే ఒకసారి వెళ్ళి ముఖపరిచయం చేసుకుని రండి. చెడ్డ రోజు వచ్చాక తలుపు ఎక్కడుందో వెతుక్కోవడం కష్టం.

చదువుకున్న మనలాంటివాళ్ళం, మన వీధిలో అలాంటి తల్లి ఉంటే ఆ కాగితాలు చదివి పెడదాం. అర్ధగంట పని. జెండా ఎగరేసినంత పుణ్యం.

కోడలు పిల్ల సంగతీ మరిచిపోవద్దు. భర్త కొండ మీద, ఆమె అత్తింట్లో. పండక్కి అందరూ జంటగా కూర్చుంటే ఆమె వంటింట్లో పని వెతుక్కుంటుంది. ఫోను రాని రోజున ఏడవడానికీ చాటు కావాలి. "సైనికుడి భార్యవి, ధైర్యంగా ఉండాలి" అని మనం చెప్పే నీతులు ఆమెకు అక్కర్లేదు. "రా, సినిమాకి పోయొద్దాం" అనే మనిషి కావాలి.

మా ఎదురింటి అక్క ఆ వారమే పార్శిల్ కట్టింది. పచ్చడి సీసాకు మైనం పూసి, శనక్కాయల పొడి మూడు పొట్లాలు వేసి, రెండు జతల మేజోళ్ళు పెట్టింది. కుక్కర్ ఏ కంపెనీదో తెలియదు కాబట్టి మూడు సైజుల రబ్బర్లు కొంది. అంగడివాడు "మూడెందుకమ్మా?" అంటే, "ఏదో ఒకటి సరిపోదా నాయనా" అంది. చిరునామా నేనే రాశాను. ఊరి పేరు రాసే చోట చెయ్యి ఒక్క క్షణం ఆగింది. 56 ఏపీఓ అని రాసి ఇచ్చాను.

నెల తర్వాత ఫోను వచ్చింది. అరుగు మీద నుంచే ఆమె వీధంతా వినిపించేలా కేకేసింది.

"పాపా! అన్నం ఉడికిందంట!"

ఆ రాత్రి మా వీధిలో అందరి ఇళ్ళలో అదే మాట. మీ వీధిలోనూ అలాంటి అరుగు ఒకటి ఉండే ఉంటుంది. ఈ సాయంత్రం వెళ్ళి కాసేపు కూర్చోండి.